శూన్యభావ ధ్రువపత్రం

ప్రభుత్వం వారి దృష్టి జనం కన్నీళ్ల మీద పడటానికి కారణం ఒక ముఖ్య అతిథి గారి నవ్వు.

విశాఖలో చిన్న సినిమాల పండగ జరిగింది. చిన్న సినిమా అంటే హీరో ఇంటినుంచే టిఫిను డబ్బా తెచ్చుకునే సినిమా. ముఖ్య అతిథిగా వచ్చిన పెద్దమనిషి మొదటి వరసలో మెత్తటి కుర్చీలో కూర్చున్నారు. తెర మీద ఒకాయన మేడ మెట్లు దిగుతూ కాలు జారి పడ్డాడు. అతిథి గారు పొట్ట పట్టుకుని పగలబడి నవ్వారు. పడ్డవాడు ఇక లేవలేదు. హాలంతా ఊపిరి బిగబట్టింది. ముందు వరసలో నవ్వు మాత్రం కాసేపు అలా సాగింది. మర్నాడు పేపర్లో ఆ నవ్వూ, తెర మీది శవమూ పక్కపక్కనే అచ్చయ్యాయి.

తప్పు అతిథి గారిది కాదని విచారణ మొదలుకాక ముందే తేలిపోయింది. మరి ఎవరిది? వెనకాల వాయించినవాడిది. అది ఏడవాల్సిన సంగీతమో, నవ్వాల్సిన సంగీతమో తేల్చి చెప్పి ఉంటే అంతటి మనిషికి ఇంత అప్రదిష్ట వచ్చేదా? రాదు కదా! అందుకని ‘స్వతంత్ర చలనచిత్ర భావ నిర్ధారణ మండలి’ పుట్టింది. ఇక మీదట చిన్న సినిమాకి సంగీతం చేసేవాడు ఏ ముక్కకి ఏ భావమో ముందే రాసివ్వాలి. ఆ భావం మండలి వారి ఎదుట పుట్టి చూపించాలి. పుట్టకపోయినా తప్పే, వేరేది పుట్టినా తప్పే. మండలి ధ్రువపత్రం లేనిదే ఏ హాల్లోనూ బొమ్మ పడదు.

ఆ మండలి గడప తొక్కాల్సిన కర్మ అలజంగి నీలకంఠానికి పట్టింది.

నీలకంఠం పెళ్లి బ్యాండులో హార్మోనియంతో మొదలుపెట్టి చిన్న సినిమాల సంగీత దర్శకుడైనవాడు. పైకొచ్చాడో కిందకి దిగాడో అతని బావమరుదులు ఇప్పటికీ తేల్చుకోలేదు. చిన్న సినిమా తీసే ప్రతి కుర్రాడూ అతని దగ్గరకొచ్చి, “డబ్బుల్లేవు మాస్టారూ, కానీ మీకు పూర్తి స్వేచ్ఛ” అనేవాడు. అలా ఇంట్లో స్వేచ్ఛ బస్తాలకొద్దీ పేరుకుపోయింది. బియ్యమే ఉండేవి కావు. అతను సంగీతం చేసిన సినిమాలు ఎక్కడెక్కడి దేశాలకో వెళ్లి చప్పట్లు కొట్టించుకుని వచ్చేవి గానీ, సొంత ఊళ్లో ఒక్క హాల్లోనూ పడలేదు. “ఏ సినిమా చేశావు బావా?” అని బావమరిది అడిగితే పేరు చెప్పేవాడు. “ఆహా” అని అతను మామిడికాయల ధర ఎత్తుకునేవాడు.

ఈసారి అలా కాదు. ‘తట్ట’ అనే ఈ సినిమాని వేస్తానని రేవు దగ్గరి హాలు యజమాని మాటిచ్చాడు. తీసింది కోరాడ హైమవతి అనే అమ్మాయి. పెంకిదే గానీ మంచి పిల్ల. అందులో చేపలమ్మే ఆవిడ వేషం వేసింది ఎవరో నటి కాదు, చేపలమ్మే ఆవిడే. గరికిన పోలమ్మ. కథ కూడా ఆవిడదే. మొగుడు వేటకెళ్లాడు, పడవ తిరిగి రాలేదు, మనిషీ రాలేదు, శవమూ రాలేదు.

చివరి సన్నివేశంలో పోలమ్మ మళ్లీ బజారులో తట్ట దించుకుని కూర్చుంటుంది. గొంతెత్తి రేటు అరుస్తుంది. అరుస్తూనే, అలవాటు చొప్పున, మంచి చేపలు రెండేరి ఇంటి కూరకని పక్కన పెడుతుంది. ఒకటి తనకి, ఒకటి మొగుడికి. కాసేపటికి వాటిని చూస్తుంది. ఒకటి తీసి మళ్లీ అమ్మే కుప్పలో వేస్తుంది. మళ్లీ రేటు అరుస్తుంది. అంతే, సినిమా అయిపోయింది.

నీలకంఠం అక్కడ ముందు వేణువు పెట్టాడు, తీసేశాడు. వయొలిన్ పెట్టాడు, అదీ తీసేశాడు. ఎటూ తోచక పోలమ్మనే అడిగాడు, “ఆ రోజు నీకేం వినపడింది పోలమ్మా?” అని.

“ఏటి వినపడతాది బాబూ? ఏటీ వినపళ్నేదు. నా అరుపు నాకే వినపళ్నేదు” అంది పోలమ్మ.

నీలకంఠం హార్మోనియం మూత వేసేశాడు. “అయితే అక్కడ నేనేం వాయించను. నా మాట” అన్నాడు. ఆ మాటే అతని పీకకి చుట్టుకుంది.

* * *

మండలి సభ్య కార్యదర్శి ముదునూరి గోపాలరాజు గారు. పూర్వాశ్రమంలో పడవల నమోదు శాఖలో చాలాకాలం పనిచేశారు. నిప్పులాంటి మనిషి, నియమం తప్ప మరో దేవుణ్ణి ఎరగరు. సినిమాలు చూడరు. మండలి హాల్లో కూడా ఆయన కుర్చీ తెరకి వీపు పెట్టి ఉంటుంది. “నేను చిత్రమును పరిశీలించను. చిత్రమును చూచువారిని పరిశీలింతును” అనేవారు.

చూచువారంటే భావ పరీక్షక బృందం. వేరే వేరే శాఖలు మాకు వద్దంటే వద్దని వదిలించుకున్న ఉద్యోగులందరినీ ఇక్కడికి తోలారు. ఏడుపు విభాగం, నవ్వు విభాగం, భయం విభాగం. ఏడుపు విభాగానికి పెద్ద ధవళ సత్యవేణి గారు. ఆవిడ ఏడిస్తే చూడముచ్చటగా ఉంటుందని ఆఫీసంతా చెప్పుకునేవారు. పిలిస్తే కన్నీళ్లు వచ్చేవి, పొమ్మంటే పోయేవి. భయం విభాగం వాళ్లకి పాపం పని తక్కువ. ఎప్పుడైనా బదిలీల కబురు వస్తే కాస్త సాధన చేసుకునేవాళ్లు.

నీలకంఠం, హైమవతి వెనక కూర్చున్నారు. సినిమా మొదలైంది. పడవ బయల్దేరే చోట నీలకంఠం సన్నగా డప్పు వేశాడు, కాగితంలో ‘ఉత్సాహం’ అని రాసిచ్చాడు. డప్పు మోగింది. గోడ మీద పచ్చ బల్బు వెలిగింది. బృందంలో సగంమంది ఉత్సాహపడ్డారు. తుపాను చోట నీలం బల్బు వెలిగింది, భయం విభాగం వాళ్లు ఒకళ్లనొకళ్లు పట్టుకున్నారు. రేవులో ఆడవాళ్లు ఎదురుచూసే చోట ఎర్ర బల్బు వెలిగింది.

“ఎడమ కన్నా, రెండూనా సార్?” అని అడిగారు సత్యవేణి గారు.

“కాగితంలో ‘స్వల్ప విషాదం’ అని ఉన్నది. ఎడమ చాలు.”

సత్యవేణి గారి ఎడమ కంట నీరు నిండింది. విభాగమంతా ఎడమ కంటనే ఏడిచింది.

నీలకంఠానికి అనుమానం వచ్చింది. ఆ ముక్కకి అతని సంగీతం ఇంకా మొదలే కాలేదు. విరామంలో సత్యవేణి గారి దగ్గరకెళ్లి, “అమ్మా, తమరు పాట విని ఏడుస్తున్నారా, బల్బు చూసి ఏడుస్తున్నారా?” అని మెల్లిగా అడిగాడు.

“భలేవారే! విని ఏడిస్తే ఎవరి ఇష్టం వచ్చినప్పుడు వాళ్లు ఏడ్చేస్తారు కదండీ. ఇదేమన్నా మా పుట్టిల్లా? ఆఫీసు” అన్నారావిడ పులిహోర పొట్లం విప్పుతూ.

నీలకంఠం వెళ్లి మళ్లీ వెనక కూర్చున్నాడు. వీళ్లు బల్బుకి ఏడ్చినా బల్లికి ఏడ్చినా ధ్రువపత్రం వస్తే చాలనుకున్నాడు. అంతా సాఫీగానే నడిచేది, చివరి సన్నివేశం దగ్గర గోపాలరాజు గారు చెయ్యెత్తి ఆపకపోతే.

“ఇచ్చట భావము గడి ఖాళీగా ఉన్నది.”

“అక్కడ సంగీతం లేదండి.”

“లేకపోవుట యేమి? మీరు సంగీత దర్శకులు కదా?”

“అవునండి. అక్కడ లేకుండా చేసింది నేనే.”

“అనగా మీరు మీ విధి నిర్వర్తించలేదని మీ నోటితోనే ఒప్పుకొనుచున్నారు” అన్నారు గోపాలరాజు గారు. ఆయన గొంతులో కోపం లేదు, జాలి ఉంది. “కళాకారులు అలసిపోవుదురు. మండలి ఆ సంగతి ముందే ఊహించినది. మా వద్ద శోక నిధి కలదు. అన్నియు ఆమోదించబడిన వయొలిన్లు. తల్లి పోయినచో వేరు, ఉద్యోగము పోయినచో వేరు. మీకేది కావలెను?”

“ఆవిడకి మొగుడు పోయాడండి.”

“శవము దొరికినదా?”

“లేదండి. సముద్రంలో...”

“దొరకనిచో పోయినట్లు కాదు. ఆచూకీ తెలియనట్లు. ఈ వ్యవహారము నాకు కొట్టినపిండి, పడవల శాఖలో నేనెన్ని చూడలేదు! ఆచూకీ తెలియనివారికి రెండవ తరగతి శోకము వర్తించును. పట్టుకెళ్లి అతికించుకొనుడు.”

* * *

బయటికొచ్చాక హైమవతి టీ కొట్టు బల్ల మీద కూలబడింది. “పెట్టేద్దాం మాస్టారూ” అంది.

“ఏం పెట్టేద్దాం?”

“ఆ రెండో తరగతిదే. ఎంతండీ, నాలుగు నిమిషాలు. హాలాయన వారం రోజులే ఆగుతానన్నాడు. తర్వాత పెద్ద సినిమా వచ్చి పడుతోంది. ఇదీ పోతే నేనింక సినిమా తియ్యలేను, నా వల్ల కాదు. మీకు మాత్రం ఎన్నాళ్లండీ ఈ ‘ఆహా’లు?”

నీలకంఠానికి ఒళ్లు మండింది. ఆ పిల్ల చెప్పింది నిజం కాబట్టి ఇంకా మండింది. అతనికీ హాల్లో తన పేరు పడాలని ఉంది. బావమరిదిని టికెట్టు కొనిచ్చి మరీ కూర్చోబెట్టాలని ఉంది. ఏమో, పోలమ్మే మాట వెనక్కిచ్చేస్తే ఏ గొడవా ఉండదు కదా అనుకుని రేవుకి బయల్దేరాడు.

పోలమ్మ కత్తిపీట ముందు కూర్చుని వంజరం ముక్కలు కోస్తోంది. విషయం విని పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. “ఏడవడానికి కూడా జీతాలిస్తన్నారేటి? నాకు సెప్పకపోతివి!”

“నవ్వకు పోలమ్మా. ఆ ఆఖర్న కాస్త వయొలిన్ పెట్టమంటున్నారు. నీకు మాటిచ్చాను. పెట్టుకోమంటే పెట్టుకుంటా, వద్దంటే...”

“నాదేటుంది బాబూ, నీ సినిమా నీ ఇట్టం. ఎట్టుకో.” పోలమ్మ ముక్కలు పొట్లం కట్టి ఎవరికో ఇచ్చి, చేతులు కడుక్కుంది. “అయితే ఒకటి సెప్పు. ఆ వాయించీవోడెవులు?”

“ఎవరో... రికార్డు చేసి పెట్టుకున్నారు.”

“అది కాదు. ఆ రోజు నా పక్కన ఎవుల్నేరు. నాను, నా తట్ట, అంతే. ఇప్పుడితగాడెవడో నా ఎనకాల కూకోని వాయిస్తాడు. మరి ఆ రోజు ఎక్కడికెల్లిపోనాడు?”

నీలకంఠానికి కళ్లు చెమర్చాయి. ఏ బల్బూ వెలగకుండానే చెమర్చాయి. తల వంచుకుని తిరిగొచ్చేశాడు.

* * *

మర్నాడు మండలికి వెళ్లి, ఆ ఖాళీ గడిలో ‘ఏమీ లేదు’ అని రాసి గోపాలరాజు గారి బల్ల మీద పెట్టాడు.

కోపగించుకుంటారనుకున్నాడు. కానీ గోపాలరాజు గారి మొహం కొత్త పెళ్లికొడుకు మొహంలా వెలిగిపోయింది. నియమావళి తిరగేశారు, కళ్లజోడు తుడుచుకుని మళ్లీ తిరగేశారు.

“అద్భుతము! ఇంతవరకు ఎవరును ఈ కోణము స్పృశించలేదు. గడిలో రాసిన భావము మా ఎదుట రుజువు కావలెను. మీరు ‘ఏమీ లేదు’ అని రాసితిరి. కావున ఆ సన్నివేశము చూచువారికి ఏమియు కలుగదని రుజువు కావలెను. దీనిని శూన్యభావ పరీక్ష అందుము. ఏ ఒక్కరి కన్ను తడిసినను, పెదవి వణికినను చిత్రము తిరస్కరించబడును. మరల దరఖాస్తు చేయుటకు వీలులేదు. సమ్మతమేనా?”

నీలకంఠం నవ్వాలో ఏడవాలో తెలియక హైమవతి వైపు చూశాడు. ఆ పిల్ల పళ్లు బిగించి, “సరేనండి. వాళ్లకి ఏమీ అనిపించదు లెండి, నాకు నమ్మకం ఉంది” అంది.

పరీక్ష రోజు నీలకంఠం ఎరిగిన దేవుళ్లందరికీ మొక్కాడు. ఇన్నేళ్లూ జనం గుండె కదలాలని మొక్కినవాడు ఆ రోజు ఒక్క గుండె కూడా కదలకూడదని మొక్కాడు. బృందం వచ్చి కూర్చుంది. అన్ని విభాగాలూ సెలవు రోజులా హుషారుగా ఉన్నాయి. బల్బులన్నీ ఆర్పేశారు. సత్యవేణి గారు అల్లిక సూదులు బయటికి తీశారు. గోపాలరాజు గారు తెరకి వీపు పెట్టి, బృందం మొహాల మీద చూపు నిలిపారు.

సన్నివేశం మొదలైంది. పోలమ్మ తట్ట దించింది. బృందంలో ఒకాయన ఆవలించాడు. నీలకంఠానికి ప్రాణం లేచొచ్చింది. పోలమ్మ చేపలు సర్దింది. భయం విభాగంలో ఇద్దరు మెల్లిగా బియ్యం ధరలు మాట్లాడుకుంటున్నారు. ఆహా, ఎంత మంచివాళ్లో!

అప్పుడు పోలమ్మ గొంతెత్తి రేటు అరిచింది.

వయొలిన్ ఉంటే ఆ అరుపు దాని కింద పడి అణిగిపోయేదే. వేణువు ఉన్నా అంతే. ఏమీ లేకపోవడంతో ఆ గొంతు హాల్లో ఈ గోడ నుంచి ఆ గోడకి తగిలింది. గోపాలరాజు గారు ఉలిక్కిపడ్డారు. ఎన్నడూ లేనిది, కుర్చీలో వెనక్కి తిరిగారు.

తెర మీద పోలమ్మ రెండు చేపలు పక్కన పెట్టింది. వాటిని చూసింది. ఒకటి తీసి కుప్పలో వేసింది. మళ్లీ అరిచింది.

దీపాలు వెలిగాయి. బృందమంతా పొడి కళ్లతో, నిక్షేపంలా ఉంది. హైమవతి గాలి పీల్చుకుంది. గోపాలరాజు గారు మాత్రం ఇటు తిరగలేదు. ఆయన భుజాలు కదులుతున్నాయి.

“సార్” అన్నారు సత్యవేణి గారు. జవాబు లేకపోతే లేచి ముందుకెళ్లి చూశారు. చూసి అదిరిపోయారు. “సార్! రెండు కళ్లూ!”

గోపాలరాజు గారు జేబురుమాలు కోసం వెతుక్కున్నారు. దొరకలేదు. “ఆవిడ నా ఆఫీసుకి వచ్చేదమ్మా” అన్నారు. గ్రాంథికం ఎక్కడికి పోయిందో పోయింది. “ప్రతి సోమవారం వచ్చేది. మా ఆయన పోయాడని రాసివ్వండి బాబూ అనేది. శవం దొరకలేదు కదా, ఆచూకీ తెలియదని రాశానుగా అనేవాణ్ణి. వాసనొస్తుందని తట్ట గేటు బయట పెట్టించేవాణ్ణి. బయట నుంచే అరిచేది, కుక్కలు లాక్కుపోతాయి బాబూ వేగిరం చూడండి అని. అదే గొంతు.”

నీలకంఠం ముందుకి నడిచాడు. తన సినిమా పోయిందని అతనికి తెలుసు. పోతే పోయిందనిపించింది. ఆ నాలుగు నిమిషాలు ఒక మనిషిని వెనక్కి తిప్పాయి, చాలదా!

గోపాలరాజు గారు మొహం తుడుచుకుని నియమావళి చేతిలోకి తీసుకున్నారు. గ్రాంథికం మళ్లీ వచ్చింది గానీ తడిసి వచ్చింది. “ఒక కన్ను తడిసినను తిరస్కరించవలెను. ఇచ్చట రెండు తడిసినవి.”

“సార్, ఆగండాగండి” అన్నారు సత్యవేణి గారు. “అందులో ‘పరీక్షక బృంద సభ్యుల’ కన్ను అని ఉంది. తమరు సభ్యులు కారు. మా పై అధికారి. తమరి కన్నీరు చెల్లదు సార్.”

“చెల్లదా?”

“చెల్లదండి. తమరే రాశారు.”

గోపాలరాజు గారి మొహం పాలిపోయింది. జన్మలో మొదటిసారి వచ్చిన కన్నీరు, అదీ చెల్లనిదైపోయింది. చెల్లుతుందని పట్టుబడితే సినిమా పోతుంది. ఒప్పుకుంటే ఎవరికీ ఏమీ అనిపించలేదని సంతకం పెట్టాలి. ఆయన చాలాసేపు కలం పట్టుకుని కూర్చున్నారు. తర్వాత సంతకం పెట్టేశారు. దాని మీద కన్నీటి చుక్క పడి సిరా పాకితే సత్యవేణి గారు అద్దుడు కాగితంతో అద్ది, ధ్రువపత్రం హైమవతి చేతిలో పెట్టారు.

* * *

ధ్రువపత్రం సినిమా మొదట్లో చూపించి తీరాలి, అది నియమం. రేవు దగ్గరి హాల్లో మొదటి ఆటకి తెర మీద పెద్ద అక్షరాలతో ఇలా పడింది: ‘ఈ చిత్రపు చివరి సన్నివేశము చూచుట వలన ఎవరికిని ఏమియు అనిపించదని ఇందుమూలముగా ధ్రువీకరించడమైనది.’ జనం ఈలలు వేశారు. “ఇదేంటి బావా, ముందే చెప్పేస్తున్నారు?” అన్నాడు బావమరిది. “కూర్చో” అన్నాడు నీలకంఠం.

అంతకుముందు గేటు దగ్గర చిన్న గొడవ జరిగింది. పోలమ్మ సరాసరి బజారు నుంచి వచ్చింది, తట్టతో. గేటువాడు తట్ట బయట పెట్టమన్నాడు. “కుక్కలు లాక్కుపోతాయి నాయినా” అంటోంది పోలమ్మ. వరసలో నిలబడ్డ గోపాలరాజు గారు ముందుకొచ్చారు.

“తట్ట లోపలికి రానివ్వు” అన్నారు.

“ఏ రూలు కింద సార్?” అన్నాడు గేటువాడు. వాడూ ఒక ఆఫీసులో పనిచేసి వచ్చినవాడే.

గోపాలరాజు గారు ఆలోచించారు. ఎంత వెతికినా ఏదీ తగల్లేదు. వంగి, తట్ట తనే ఎత్తి పొట్టకి ఆనించుకుని లోపలికి నడిచారు. తెల్ల చొక్కా మీద చేపల నీళ్లు కారాయి. పోలమ్మ వెనకాలే నడిచింది. ఆయన్ని గుర్తుపట్టిందో లేదో మొహం చూస్తే తెలియలేదు.

సినిమా నడిచింది. చివరి సన్నివేశం వచ్చింది. పోలమ్మ రేటు అరిచింది, రెండు చేపలు పక్కన పెట్టింది, ఒకటి తీసి కుప్పలో వేసింది. హాల్లో ఎక్కడో ఒక ముక్కు చీదిన చప్పుడు. తర్వాత ఇంకొకటి. ఆ తర్వాత చెప్పేదేముంది, రేవు ఆడవాళ్లంతా బావురుమన్నారు. వెనక వరసలో సత్యవేణి గారు డ్యూటీ లేకుండా, బల్బు లేకుండా, కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చారు. బావమరిది మామిడికాయల ఊసే మర్చిపోయాడు. ధ్రువపత్రాన్ని అంతమంది ఒక్కసారిగా ఉల్లంఘించడం ఆ రోజే మొదలు.

దీపాలు వెలిగాక నీలకంఠం పోలమ్మ దగ్గరకెళ్లాడు. అతనికి కావాల్సిన ధ్రువపత్రం అదొక్కటే.

“ఎలా ఉంది పోలమ్మా? మాట నిలబెట్టుకున్నానా?”

పోలమ్మ కళ్లు పొడిగా ఉన్నాయి. హాలంతా ఒకసారి కలయజూసింది. ఇంకా ముక్కులు చీదుతున్నవాళ్లనీ, ఎర్రబడ్డ మొహాల్నీ చూసింది.

“నువ్వు నిలబెట్టినావు గానీ, ఈళ్లేటి బాబూ ఆఖర్న ఇంత గోల సేసినారు? ఆ రోజు ఇంత సందడి నేదు.”

పోలమ్మ తలగుడ్డ చుట్టుకుని తట్ట ముందు నిలబడింది. చేపల తట్ట ఒక్కరే తలకెత్తుకోలేరు, ఎవరో ఒకరు ఇటువైపు పట్టాలి. ఎదురుగా ఉన్నది గోపాలరాజు గారే.

“అలా సూస్తావేటి బాబూ, ఓ సెయ్యెయ్యి” అంది పోలమ్మ.

ఆయన చెయ్యేశారు. తట్ట తలకెక్కింది. ఆవిడ వెళ్లిపోయింది. గోపాలరాజు గారు అరచేతులు వాసన చూసుకుని, కడుక్కోకుండానే బస్సెక్కారు.